చాటలో ఆల్ప్స్

నేను ఆల్ప్స్ పర్వతాలను చూడలేదు. ఇక చూస్తానన్న ఆశా లేదు. కానీ ఎవరైనా ఆ పేరెత్తితే చాలు, నాకు మెంతుల వాసన వస్తుంది. నానబెట్టిన మెంతులు, తడిసిన పాత కాగితాలు, అప్పుడే కలిపిన సున్నం, ఈ మూడూ కలిసిన వాసన అది. అక్కడికి వెళ్లొచ్చిన వాళ్లు దేవదారు చెట్ల గాలి గురించి ఎంతైనా చెప్పుకోనీ. నా ఆల్ప్స్ మాత్రం మా ఇంటి వెనక రోట్లో పుట్టాయి.

మాది బోథ్ వైపు ఊరు. ఎటు చూసినా గుట్టలు, టేకు చెట్లు, నడుమ జొన్న చేలూ పత్తి చేలూ. ఎండాకాలం వస్తే ఆకు రాలిపోయి గుట్టలన్నీ ఎర్రగా బోడిగా కనిపించేవి. పచ్చదనమంతా వాగుల వెంట దాక్కునేది. హైదరాబాదు రాష్ట్రం పోయి ఆంధ్రప్రదేశ్ వచ్చిన మరుసటి ఏడాది నేను ఏడో తరగతిలో ఉన్నాను. మా బడి ఏడుతో ఆఖరు. ఆ పైన చదవాలంటే ఆదిలాబాదు పోవాలి.

మా భూగోళం సారు ఉర్దూలో చదువుకొని, చాలా ఏళ్లు ఉర్దూలోనే చదువు చెప్పినవాడు. బడి తెలుగులోకి మారినప్పుడు, నలభై దాటిన వయసులో పలక పట్టుకొని అఆలు దిద్దుకున్నాడు. గోడకు వేలాడే గుడ్డ పటం మీద దేశాల పేర్లన్నీ ఉర్దూ అక్షరాల్లోనే ఉండేవి. మాలో ఒక్కరికీ అవి రావు. ఆయన బెత్తం కొనతో కుడి నుంచి ఎడమకు చదువుకుంటూ పోతే, మేము ఎడమ నుంచి కుడికి రాసుకునేవాళ్లం. పర్వతం దగ్గరికి వచ్చేసరికి ముందు 'పహాడ్' అనేవాడు, నాలుక కరుచుకొని 'గుట్ట' అనేవాడు, పుస్తకం గుర్తొచ్చి 'పర్వతం' అనేవాడు. ఒక్కో కొండకు మూడేసి పేర్లు పడటం వల్ల మా బడిలో కొండలు మిగతా బళ్లలో కన్నా పెద్దవిగా ఉండేవని నా నమ్మకం.

యూరపు దేశాలన్నిటిలో ఆయనకు స్విట్జర్లాండ్ అంటే పిచ్చి ప్రేమ. "దానికి సముద్రం లేదు బేటీ. మన హైదరాబాదు రియాసత్ లెక్కనే. నాలుగు దిక్కుల పరాయి ముల్కే," అనేవాడు. ఆ తర్వాత కాస్త ఆగి, "ఇప్పుడు మనకైతే సముద్రం దొరికింది. పాపం, దానికి ఇంకా దొరకలే," అని తనలో తనే నవ్వుకునేవాడు. ఆ నవ్వులో సంతోషం ఎంతో, బాధ ఎంతో నాకు అప్పుడు తెలియదు. ఇప్పటికీ సరిగ్గా తెలియదు.

ఆ దేశంలో పక్కపక్కనే మూడు శిఖరాలున్నాయని ఒకరోజు చెప్పాడు. ఒకదాని పేరు రాకాసి, ఒకదాని పేరు సన్యాసి, ఒకదాని పేరు కన్నెపిల్ల. రాకాసి పిల్ల జోలికి రాకుండా సన్యాసి నడుమ నిలబడి ఉంటాడట. ఇంటికొచ్చి మా అవ్వకు, అంటే మా అమ్మకు, చెప్పాను. అవ్వ జొన్నరొట్టె తట్టుతూ విని, "గన్నేండ్ల సంది నిలబడ్డడు గదా, గా పిల్ల ఆయనతోని ఒక్క మంచి మాటన్న అన్నదా?" అని అడిగింది. సారు అది చెప్పలేదన్నాను.

మా బాపు చెడ్డవాడు కాదు, మొండివాడు. "ఊళ్లె తరగతి ఉన్నన్నొద్దులు చదువు. ఆడపిల్లను ఆదిలాబాదు పంపుడు నాతోని కాదు," అని తేల్చేశాడు. అంటే ఎండాకాలం వచ్చేసరికి నా చదువు అయిపోయినట్టే. తర్వాత పత్తి ఏరడం, ఆపైన ఎవరింటికో కోడలిగా పోయి వాళ్ల పత్తి ఏరడం. ఆ తలపు వస్తేనే నాకు అన్నం సయించేది కాదు.

సరిగ్గా అప్పుడే పెద్దసారు ఒక కబురు తెచ్చాడు. పై నుంచి ఇన్‌స్పెక్టరు గారు బడి చూడటానికి వస్తున్నారు, ఆయన మెచ్చి రాస్తే మా ఊరికే ఎనిమిదో తరగతి పడుతుంది. ఇది వినగానే నేను దేవుడికి మొక్కలేదు. నేరుగా భూగోళం సారు దగ్గరికి పోయి నిలబడ్డాను, ఆయన ఏం చూపించబోతున్నాడని అడగడానికి.

"కాగితం మీద పహాడ్ గీస్తే అది పహాడ్ కాదు, మరక," అన్నాడాయన. "చెయ్యి పెడితే ఎత్తు తగలాలె, వంపు తగలాలె. మీ అమ్మ చాటలకు గుజ్జు పూస్తది కదా? ఆమెతోని అయితది."

మా వైపు ఆడవాళ్లు చాటలు, గంపలు పాతబడి చిల్లులు పడితే పారేయరు. పాత కాగితాలు నాలుగు రోజులు నానబెట్టి, మెంతులు కలిపి రోట్లో మెత్తగా దంచి, ఆ గుజ్జును వెదురు మీద పూసి ఎండబెడతారు. గింజ కారదు, పురుగు పట్టదు. మరో పదేళ్లు పని చేస్తుంది. ఆ పనిలో మా అవ్వ చేతికి పేరుండేది. పక్క ఊళ్ల నుంచి కూడా గంపలు తెచ్చి ఇచ్చేవాళ్లు.

కాగితాలు సారే పంపాడు. పెద్ద మూట. విప్పి చూస్తే అన్నీ ఉర్దూ రాతలు. తాను ఇన్నేళ్లుగా రాసుకున్న పాఠాలు, పాత పిల్లల పరీక్ష కాగితాలు. "ఇవి ఇగ ఎవరు చదువుతరు?" అని ఆయన అన్నాడని చెప్పాను. అవ్వకు ఉర్దూ రాదు, తెలుగూ రాదు. అయినా ఆ మూట ముందు చాలాసేపు ఊరికే కూర్చుంది. "అక్షరమున్న కాగితాన్ని రోట్లెట్ల దంచుడే?" అంది. చివరికి ఒక్కో కట్ట కళ్లకద్దుకొని, చింపి నీళ్ల గోలెంలో వేసింది. సిరా దిగి నీళ్లన్నీ నీలంగా మారాయి. గుజ్జు కూడా కొంచెం నీలంగానే వచ్చింది.

అన్నిటికన్నా పెద్ద చాట, మూల పడేసినది, దేశమైంది. చాటకు వెనక లేచి ఉండే అంచు దక్షిణం, అక్కడ ఆల్ప్స్. తెరిచి ఉండే మూతి ఉత్తరం. మూతికి ఎడమ పక్కన జూరా అనే చిన్న కొండల వరస. రెంటికీ నడుమ మెరక నేల. నేను పుస్తకంలోని అరచేతంత పటం పట్టుకొని చెబుతుంటే అవ్వ ముద్దలు పెట్టి కొండలు లేపింది. మాటర్‌హార్న్ అనే శిఖరం కొన ఒక పక్కకు వంగి, ఎద్దు కొమ్ములా ఉంటుందని సారు చెప్పింది చెప్పాను. అవ్వ రెండు వేళ్లతో పైకి లాగి కొంచెం మెలితిప్పింది, అంతే. తర్వాత ఎన్నో పుస్తకాల్లో ఆ శిఖరం బొమ్మ చూశాను. అవ్వ వేళ్లు ఏమీ తప్పలేదు.

"నీళ్లెటు పోతయి?" అని అడిగింది. రైన్ నది ఉత్తరానికి, రోన్ పడమటికి పోతాయన్నాను. "అట్లనే అనుకున్న. వాగు లేని గుట్ట ఉంటదా?" అంటూ బొటనవేలితో లోయలు నొక్కుకుంటూ పోయింది. ఆ రెండు మూడు రోజులు మా ఇద్దరి మధ్యా పని చెప్పే తల్లి, చేసే కూతురు అన్న తేడా తలకిందులైంది. నేను చెప్పేదాన్ని, అవ్వ చేసేది. నిజం చెప్పాలంటే నాకు కొంచెం తలకెక్కింది.

ఆ చాట ఎండుతుండగా నాకు చలిజ్వరం పట్టుకుంది. మూడు గొంగళ్లు కప్పినా పళ్లు టకటకలాడాయి. ఐదు రోజులు బడికి పోలేదు. సరిగ్గా ఆ ఐదు రోజుల్లోనే సారు మంచు పాఠం చెప్పేశాడు. నేను తేరుకొని బడికి వెళ్లేసరికి తరగతి వేరే దేశానికి పోయింది. వెనక్కి వెళ్లి ఒక్క మాట అడగొచ్చు. అడగలేదు. నమూనా చేస్తున్న పిల్లకు పాఠం రాదంటే ఏం పరువు?

రంగులకు కూర్చున్నాం. చిక్కుడాకు పసరు పచ్చిక బయళ్లకు, నీలిమందు నదులకూ చెరువులకూ, గడపకు పూసే ఎర్ర జాజు ఉంది, సున్నం ఉంది. అవ్వ సున్నంలో గుడ్డ ముంచి, "తెలుపు ఎక్కడ పుయ్యాలె బిడ్డా?" అంది.

"మంచున్న కాడ."

"మంచు ఎక్కడుంటది?"

తెలియదని చెప్పడానికి నోరు రాలేదు. చదువురాని తల్లి ముందు చదువుకునే బిడ్డ తెలియదంటే ఎట్లా? ఆ రోజు పొద్దున్నే వాగు దగ్గరికి నీళ్లకు పోయిన సంగతి గుర్తొచ్చింది. మా ఆదిలాబాదు చలి తెలిసిన వాళ్లకు చెప్పనక్కర్లేదు. వాగు ఒడ్డున గడ్డి తెల్లగా నెరిసి ఉంది, కాళ్లు కొంకర్లు పోయాయి. బిందె ఎత్తుకొని గుట్ట మీదికి ఎక్కుతుంటే కాస్త కాస్త వెచ్చన తగిలింది. ఇంకేం?

"కింద, వాగులల్ల," అన్నాను. "చలి కిందనే కదా ఉంటది."

"అవు మల్ల," అంది అవ్వ. "జొన్న చేను కావలి పోయినోళ్లు గూడ గుట్ట మీదనే పండుకుంటరు, వాగు పొంట పండుకోరు." గుడ్డ పిండి, మళ్లీ ఆగింది. "అయినా, జర సారునొక్క మాట అడుగరాదు?"

"అడిగిన," అన్నాను.

అవ్వ లోయలన్నిటికీ తెల్లగా సున్నం పూసింది. శిఖరాలకు జాజు పెట్టింది. ఎండాకాలం మా గుట్టలు ఎట్లా ఉంటాయో, ఆల్ప్స్ కూడా అట్లాగే ఎర్రగా బోడిగా తేలాయి. అంత అందమైన తప్పు నేను మళ్లీ చూడలేదు.

ఇన్‌స్పెక్టరు గారు వచ్చిన రోజు చాటను అవ్వే నెత్తిన పెట్టుకొని తెచ్చింది. నా చేతికిస్తే పడేస్తానని భయం. ఉతికిన చీర కట్టుకొని, కొంగు నెత్తి మీద కప్పుకొని, మొదటిసారి బడి వాకిట్లోకి వచ్చింది. మేము చేరేసరికే ఆయన మా తరగతిలో ఉన్నారు. చాటను బల్ల మీద పెట్టాం. అవ్వ తలుపు పక్కకు జరిగి నిలబడింది. భూగోళం సారు ముఖం చూశాను. రంగు పోయింది. దాంతో నాకు సగం అర్థమైంది.

ఇన్‌స్పెక్టరు గారు కోస్తా వైపు మనిషి. మాట మెత్తన. "అబ్బో, ఎంత ముచ్చటగా చేశారు!" అని వంగి, వేలితో కొండలు తడిమారు. తర్వాత కళ్లజోడు సర్దుకొని, "అయితే అమ్మాయ్, మంచంతా శిఖరాలు దిగి లోయల్లోకి వచ్చేసిందేం? పైన చూస్తే ఎండ మండిపోతోంది!" అన్నారు.

తరగతి గొల్లున నవ్వింది. ఆయన కోపంగా అనలేదు, వేళాకోళానికే అన్నారు. కానీ నా కళ్ల ముందు ఎనిమిదో తరగతి తలుపు మూసుకుంటున్నట్టు అనిపించింది. పత్తి చేను కనిపించింది. ఆడలేక మద్దెల ఓడన్న సామెత పెద్దలు ఊరికే చెప్పలేదు.

"మా అవ్వ చేసింది సార్," అన్నాను. "నేను మంచు పైన ఉంటదనే చెప్పిన. ఆమె వినలే."

అందరూ తలుపు వైపు తిరిగారు. అవ్వ నన్ను చూసింది. ఎంతసేపో కాదు, రెప్పపాటు. తర్వాత కొంగు సర్దుకొని, "అవు సారూ," అంది. "పోరి చెప్పింది. నేనే ఇనలే. సదువు రానిదాన్ని."

"పోనీలేమ్మా, పనితనం బాగుంది," అన్నారాయన. పుస్తకంలో ఏదో రాసుకొని పక్క తరగతికి వెళ్లిపోయారు. అవ్వ చాటను నెత్తిన పెట్టుకొని ఇంటిదారి పట్టింది. భూగోళం సారు మాత్రం కదల్లేదు. మంచు పాఠం రోజు నేను లేనని ఆయనకు తెలుసు. తర్వాత వచ్చి అడగలేదనీ తెలుసు. కళ్లజోడు పై నుంచి నా వైపు చూసి, బయటికి నడిచాడు. నాలుగు తిట్టినా బాగుండేది.

ఆ సాయంత్రం ఇంటికి పోవడానికి నా కాళ్లు రాలేదు. పోయేసరికి అవ్వ చాటను ముందు పెట్టుకొని, చెంచాతో లోయల్లోని సున్నం గీకుతోంది. నేను తేలు కుట్టిన దొంగలా గుంజ పక్కన కూర్చున్నాను. అవ్వ శిఖరాలకు తెలుపు పూసి, లోయలకు పసరు పూసింది. అప్పుడు అడిగింది, "సూర్యునికి దగ్గర గదనే. మల్ల అక్కడ చలెందుకుంటదట?" నాకు తెలియదన్నాను. ఆ మాట మొన్ననే అని ఉంటే పోయేది.

మర్నాడు సారును అడిగాను. "పైకి పోయిన కొద్ది గాలి పల్చనైతది బేటీ. గాలి అంటే భూమి కప్పుకున్న గొంగడి. గొంగడి పల్చగుంటే చలి పెట్టదా?" అన్నాడు. ఇంటికొచ్చి అవ్వకు చెప్పాను. "అట్లనా," అంది. నాకు రొట్టె పెట్టింది, ఎప్పటిలాగే వెల్లుల్లి కారం వేసి. అంతకు మించి ఆ సంగతి మా ఇంట్లో ఎవరూ ఎత్తలేదు.

ఎనిమిదో తరగతి పడింది. ఆ చాట బడి గోడకెక్కింది, ఉర్దూ పటం పక్కనే. ఎనిమిది అయ్యేలోగా బాపు మొండితనం కొంత కరిగింది, ఆదిలాబాదు పంపాడు. తర్వాత కరీంనగర్‌లో ఉపాధ్యాయ శిక్షణ. తర్వాత మంథనిలో ఉద్యోగం, భూగోళమే. సెలవులకు ఇంటికి వచ్చిన ప్రతిసారీ, తప్పు నాదేనన్న ఆ మాట అవ్వకు చెప్పాలనుకునేదాన్ని. అవ్వ పెసరపప్పు వండేది, తలకు నూనె పెట్టేది, నేను తినేసి, పెట్టించుకొని బస్సెక్కేదాన్ని. ఏళ్లు గడిచిన కొద్దీ అబద్ధం చిన్నదవుతుందనుకున్నాను. అది తగ్గదు. మనమే దాని పక్కన పెద్దవాళ్లమై, మరింత సిగ్గుపడతాం.

మంథనిలో ఉండగా ఒక చలికాలం, పాఠం కోసం తిరగేస్తున్న పుస్తకంలో స్విట్జర్లాండ్ గురించి ఒక పేజీ దొరికింది. ఆ దేశంలో చలికాలం చల్లగాలి బరువెక్కి కొండల మీది నుంచి కిందికి జారుతుందట. లోయలూ మెరక నేలా రోజుల తరబడి పొగమంచులో మునిగి వణుకుతుంటే, పైన కొండల మీద ఎండ కాస్తుందట. అందుకే అక్కడి రైతులు ద్రాక్ష తోటలు అడుగున పెట్టరు, వాలు మీద పెడతారు. చదివి ఒక్కసారిగా లేచి నిలబడ్డాను. మా జొన్న చేను కావలి వాళ్లు! వాగు పొంట పండుకోరు!

ఆ శనివారమే బయల్దేరాను. పెద్దపల్లి దాకా ఒక బస్సు, అక్కడి నుంచి మరో రెండు మారి, ఆదివారం పొద్దున ఊరు చేరాను. అవ్వ ఎండలో కూర్చొని ఎవరిదో గంపకు గుజ్జు పూస్తోంది. అదే మెంతుల వాసన. సంచి కూడా దించకుండా మొదలుపెట్టాను.

"అవ్వా, గా చాట మీద సున్నం పూసినం చూడు, అది అంత తప్పేం కాదే! అక్కడ గూడ చలికాలం చలి కిందికే దిగుతదట. పైన వెచ్చగుంటదట. మనం చెప్పింది సగం ఒప్పేనే!"

అవ్వ చెయ్యి ఆగలేదు. అంతా విన్నది. గుజ్జు ముద్ద అరచేత్తో అద్దుతూ తలెత్తి నవ్వింది.

"తప్పయినప్పుడు నాదాయె. ఒప్పయితె మనదాయెనా, బిడ్డా?"

సంచి కింద పెట్టాను. పదకొండేళ్లు పట్టిన మాట చివరికి బయటికొచ్చింది. "తప్పు నాదేనే అవ్వా. నువ్వు సారును అడుగుమన్నవు. నేను అడుగలే. అడిగిన అని నీతోని అబద్ధం చెప్పిన. అందరి ముంగట మల్ల అబద్ధం చెప్పిన."

"నాకెర్కనే," అంది. "గా దినం నేను బడి కెల్లి వస్తుంటె సారు ఎనుకనే ఉరికొచ్చిండు. అమ్మా, నీ బిడ్డ నన్ను అడుగలే, పాఠం నాడు జరం తోని పండుకున్నది, గీ తప్పు నీది కాదు అన్నడు. గా మాట చెప్పెతందుకే వచ్చిండు పాపం."

"మల్ల నన్ను ఒక్క మాట ఎందుకనలే?"

"నువ్వే చెప్తవని సూసిన."

నాకు ఏడుపాగలేదు. అవ్వ చేతులకు గుజ్జు ఉంది, కళ్లు తుడవడానికి వీలు లేదు. మోచేత్తో నన్ను దగ్గరికి లాక్కుంది.

"సాలు తీయ్. గీ గంప అంచు జర గట్టిగ పట్టు, వంకర పోతున్నది," అంది.

నేను రెండు చేతులతో అంచు పట్టుకున్నాను.